ఇరవై పెంచి ఇరవై తగ్గించిన కోటు

హలో… ఆ, నేనేరా, అక్కని.

గొంతు తగ్గించే మాట్లాడుతున్నాను, అవును. లోపలి గదిలో మీ బావ ఉన్నారు…

పడుకోలేదు. పడుకోలేరు. కూర్చోనూ లేరు.

జ్వరం లేదు, దగ్గు లేదు, మనిషి బాగానే ఉన్నారు! కోటులో ఇరుక్కుపోయారు. కోటురా, కోటు! ఇవాళ సాయంత్రం ఐదింటికి పార్కులో బ్యాండు ముందు నిలబడి కర్ర ఊపడానికి వేసుకోవాల్సిన ఎర్ర కోటు. నేను కుట్టింది.

వేశాను. వెయ్యడం వేశాను. ఇప్పుడు తియ్యడానికి రావట్లేదు.

ఎలా అంటే ఎలా చెప్పను? చేతులు రెండూ పక్కకి చాపి, అటూ ఇటూ తిరక్కుండా, పొలంలో దిష్టిబొమ్మలా నిలబడి ఉన్నారు. ఇందాక ముక్కు దురదపెడితే నేను వెళ్ళి గోకాల్సొచ్చింది.

నవ్వకు.

ఒరేయ్, నవ్వకన్నానా! ఆ వెనక ఎవరు నవ్వుతోంది? మీ షాపులో కస్టమర్లందరికీ వినిపించేలా పెట్టావా ఏంటి ఫోను? తీసెయ్ స్పీకరు. తీశావా? …మళ్ళీ చూడు. …ఆ, ఇప్పుడు చెప్తాను.

మొన్న నువ్వు పంపిన కాగితం ఉందే, కోటు కటింగు కాగితం… అదే, మ్యాపులు తీసే ఆ పెద్ద జెరాక్స్ మిషను మీద తీశావే, అది. దాన్ని గుడ్డ మీద పరిచి, సున్నపుముక్కతో గీత గీసి, అలాగే కోశాను. అలాగే కుట్టాను. ఇప్పుడు టేపు పెట్టి చూస్తే ఛాతీ చుట్టూ ఎంతొచ్చిందో తెలుసా?

చెప్పు చూద్దాం.

నలభై! నలభై రావాలి. రెండు వేళ్ళు వదులు పెట్టి కొలిస్తే మీ బావకి నలభై. ఇరవై రెండేళ్ళ నుంచీ నలభయ్యే. పెద్ద డోలు మోసిన మనిషి, ఒక్క అంగుళం అటూ ఇటూ కాలేదు. మరి కోటు ఎంతొచ్చిందంటే… ముప్పై ఎనిమిదిన్నర. సరిగ్గా చెప్పాలంటే అది కూడా లేదు, ఒక గీత తక్కువ.

చేతులు ఇరవై ఐదు ఉండాల్సింది ఇరవై నాలుగు. పొడుగు ముప్పై ఉండాల్సింది ఇరవై తొమ్మిది కూడా లేదు. కోటంతా ఎవరో కూర్చోబెట్టి కుదించినట్టుంది.

ఉతకలేదు! ఉతక్కముందే ఎలా కుదించుకుపోతుందిరా? గుడ్డ సంగతి నాకు చెప్తున్నావా? ముప్పై ఏళ్ళయింది కత్తెర పట్టి. ఏ గుడ్డ నీళ్ళలో పడితే నూటికి ఎంత పోతుందో చేత్తో పట్టుకుని చెప్తాను నేను.

గుడ్డది కాదు తప్పు. కాగితానిది. నువ్వేం చేశావ్ ఆ కాగితాన్ని?

నిజం చెప్పు. కోప్పడను.

…కోప్పడను అన్నానుగా.

ఊ… ముందు ఇరవై శాతం పెంచావు. అది తెలుసు. నా పాత కాగితం మడతల దగ్గర పొడిపొడిగా రాలిపోతోంది, దానికో నకలు తీసి పంపరా బాబూ అని మీ బావ చేతికిచ్చి పంపితే, నువ్వు పంపింది నకలా? విప్పి చూస్తే ఛాతీ నలభై ఎనిమిది! అందులో మీ బావతో పాటు బీరువా కూడా పట్టేది. అప్పుడు ఫోన్ చేసి ఏమన్నాను? ఎప్పట్లా చేసి పంపు అన్నాను. అన్నానా లేదా?

ఆ. ఎప్పట్లా చేశావు. ఎలా చేశావు?

…మళ్ళీ చెప్పు?

ఆ పెంచిన కాగితాన్నే మళ్ళీ మిషను మీద పెట్టి… ఎనభై నొక్కావు.

ఇరవై పెంచావు కాబట్టి ఇరవై తగ్గించావు.

దేవుడా.

కోప్పడట్లేదురా. కోప్పడట్లేదు. ఒక్క నిమిషం ఆగు, మంచినీళ్ళు తాగొస్తాను.

…ఆ. ఉన్నావా?

పాత కాగితం ఉందిగా నీ దగ్గర, దాన్నే తియ్యొచ్చుగా నేరుగా? నూటికి నూరు నొక్కితే సరిపోయేదిగా?

…మిషను కాలు కిందా?

ఏ మిషను కాలు కింద? ఎందుకు? …ఊగుతోందని నాలుగు మడతలు పెట్టి కాలు కింద పెట్టావా! ఒరేయ్, అది మీ బావ బ్యాండులో చేరినప్పుడు నేను గీసుకున్న కాగితంరా! ఆయన మొదటి కోటు దాని మీదే కోశాను. దాన్ని తీసుకెళ్ళి కాలు కింద… నీకసలు…

లేదు. కోప్పడనన్నాను. మాట మాటే.

ఏంటీ? లెక్క సరిపోతుందా? ఎలా సరిపోతుంది?

ఇరవై పెంచాం, ఇరవై తగ్గించాం, అయితే సున్నా. అందుకని తప్పు నీది కాదు. నా కత్తెరది. అంతేగా నువ్వనేది?

చూడు, వాదించకు. నాకు అవతల టైమవుతోంది, రెండున్నరైంది. ఐదింటికి పార్కులో ఉండాలి. సరే, ఒక పని చెయ్యి. నీ పక్కన కాగితాలు ఉంటాయిగా, ఓ పది తియ్యి.

తెల్లవే తియ్యి.

తీశావా? పది. వాటిని యాభై శాతం పెంచు.

…మిషన్లో పెట్టమనలేదు! ఉత్తినే, ఎన్నవుతాయో చూడు. పదికి సగం ఎంత? ఐదు. ఇంకో ఐదు తీసి పైన పెట్టు. ఎన్నయ్యాయి?

పదిహేను. శభాష్. ఇప్పుడు ఆ పదిహేనులోంచి యాభై శాతం తగ్గించు.

…ఐదు తియ్యడమేంట్రా? పదిహేనులో సగం ఐదా? ఏ బడిలో చదువుకున్నావు? నాతో పాటే చదువుకున్నావు, నాకు తెలుసులే.

ఏడున్నర. ఆ. ఏడు తీసి పక్కన పెట్టి, ఎనిమిదోది సగానికి చింపు.

చింపావా? ఇప్పుడు నీ చేతిలో ఎన్ని మిగిలాయి?

ఏడున్నర. మొదలెట్టింది ఎన్నితో?

పదితో.

మరి ఆ రెండున్నర ఏమైంది?

…

ఏరా, మళ్ళీ లెక్కపెడుతున్నావా? పెట్టు.

ఆ, వస్తోంది, వస్తోంది, బుర్రకెక్కుతోంది. పెంచినప్పుడు పదిలో సగం చూశావు. తగ్గించినప్పుడు పదిహేనులో సగం చూశావు. సగం సగమే, కానీ దేంట్లో సగం? పెద్దదాంట్లోంచి తీస్తే ఎక్కువ పోతుంది కదా. ఇక్కడా అంతే. నలభైకి ఇరవై శాతం అంటే ఎనిమిది, కలిపితే నలభై ఎనిమిది. ఆ నలభై ఎనిమిదిలో ఇరవై శాతం ఎనిమిది కాదురా, తొమ్మిదిన్నర దాటింది! నువ్వు ఇచ్చింది ఎనిమిది, లాక్కున్నది తొమ్మిదిన్నర పైన. ఆ తేడాలోనే నా మొగుడు ఇరుక్కుపోయాడు.

వందలో చెప్పాలంటే వంద నూట ఇరవై అయ్యి, తొంభై ఆరుకి దిగింది. నాలుగు పోయింది.

— ఏవండీ, వస్తున్నా! ఒక్క నిమిషం! గోడకి ఆనుకోకండి, సున్నం అంటుతుంది!

ఆ, మీ బావతోలే. చెప్పు.

ఎవరు అరుస్తున్నారక్కడ?

…ఎవరి కాగితం చింపావు? తెల్లదే అన్నావుగా?

వెనక వైపు చూసుకోవద్దూ! ఏంటది? …ఉద్యోగానికి దరఖాస్తా? అయ్యో పాపం, ఆయన్ని కూర్చోబెట్టు, క్షమించమని చెప్పు. అతికించి ఇంకోటి జెరాక్స్ తీసివ్వు. నూటికి నూరులో తియ్యిరా నాయనా, నీకు దండం పెడతాను. ఇటు పెంచకు, అటు తగ్గించకు.

ఊ… ఇచ్చావా? ఏమన్నాడు?

పోనీలే, మంచివాడు.

ఇప్పుడు ఏం చెయ్యాలో చెప్పు.

నాలుగు శాతమే కదా తగ్గింది అంటే? అయితే?

…మీ బావని నాలుగు శాతం తగ్గించాలా!

ఎంత బరువు… డెబ్బై ఐదు కేజీలు. డెబ్బై ఐదులో నాలుగు శాతం మూడు కేజీలు. ఐదింటిలోపు మూడు కేజీలు తగ్గాలా ఆయన? ఎలా, నాలుక బయటపెట్టి పరిగెత్తమంటావా? ఆ కోటులో పరిగెత్తడానికి ముందు మెట్లు దిగాలి. మెట్లు దిగాలంటే గుమ్మం దాటాలి. చేతులు అలా చాపుకుని గుమ్మం ఎలా దాటుతారు, పక్కకి తిరిగా?

ఇందాకే అన్నం వద్దన్నారు. తింటే ఒక గుండీ పోతుందేమోనని భయం ఆయనకి. చిన్న చిన్నగా ఊపిరి పీలుస్తున్నారు. చూస్తే నవ్వొస్తోంది, నవ్వితే పాపం.

ఇంతకీ ఒకటడుగుతాను. ఇలాంటి లెక్క ఇంకెవరికైనా వేశావా? ఈ పెంచి తగ్గించడం?

ఆలోచించి చెప్పు.

…ఎవరికి? కళ్ళజోళ్ళ షాపాయనకా? ఏం తీశావు ఆయనకి?

అక్షరాల అట్టా… గోడకి తగిలిస్తారే, పైన పెద్ద అక్షరాలు, కిందకొచ్చేకొద్దీ చిన్నవి, అదేనా?

ముందు పెద్దది చెయ్యమన్నాడు. తర్వాత వద్దు, ఉన్నట్టే కావాలన్నాడు. నువ్వు ఎనభై నొక్కావు.

ఎప్పుడు?

పదిహేను రోజులయిందా?

…

ఏం లేదురా. పది రోజుల కిందట నేను ఆయన షాపుకెళ్ళాను. చివరి వరసలో అక్షరాలు ఎంత కళ్ళు చికిలించినా ఆనలేదు. చూపు తగ్గిందమ్మా, వయసు కదా అన్నాడాయన. ఇంటికొచ్చి ఆ పూటంతా బెంగపెట్టుకున్నాను. కుట్టుపని ఇంకెన్నాళ్ళు చేస్తానో అని మీ బావ దగ్గర ఏడ్చాను కూడా. ఆయనిచ్చిన ఈ కళ్ళజోడు పెట్టుకున్నప్పట్నుంచీ నేల ఎత్తుపల్లాలుగా కనపడుతోంది. మెట్లు లేనిచోట కాలెత్తి వేస్తున్నాను. అదంతా… నా చూపు తగ్గలేదా?

అక్షరాలే తగ్గాయా!

నిన్ను… నిన్నేం చెయ్యాలో తెలీట్లేదు. కొట్టాలో, ముద్దుపెట్టుకోవాలో. ఆగు, ఈ దిక్కుమాలిన కళ్ళజోడు తీసి పక్కన పడేస్తాను ముందు.

…ఆహా. నేల చదునుగా ఉందిరా.

ఫోన్ పెట్టగానే ఆయనకి చెప్పు. వీధిలో ఇంకెంతమందికి తగిలించాడో ఏంటో. మొన్నట్నుంచీ పాలావిడ కూడా కాలెత్తి నడుస్తోంది, నేను ఏదో మోకాలి నొప్పి అనుకుంటున్నాను.

సరే, కోటు సంగతి.

విను. దీనికి ఒకటే మార్గం. వీపు మధ్యలో కుట్టు విప్పి, అక్కడ ఓ పట్టీ అతకాలి. పైనుంచి కిందదాకా. అప్పుడు ఛాతీ వదులవుతుంది, భుజాలు వదులవుతాయి, చేతులు లేస్తాయి. చేతులు అంగుళం పొట్టయితే అయ్యాయి, ఎవరూ కొలవరు. కానీ పట్టీ గుడ్డ కావాలి. అదే ఎరుపు కావాలి. ఇంట్లో జానెడు ముక్క కూడా మిగల్లేదు, ఆ తాను మొత్తం అయిపోయింది.

వేరే ఎరుపు వేస్తే కనపడదా? ఎందుకు కనపడదు! బ్యాండు వైపు తిరిగి నిలబడతారు కదా ఆయన. జనాలకి కార్యక్రమం మొత్తం కనపడేది వీపే. ఆ వీపు మధ్యలో ఇంకో రంగు పట్టీ ఉంటే, కోటు వెనకాల దారి వేసినట్టుంటుంది.

గుడ్డ ఎక్కడుందో నాకు తెలుసు.

నీ దగ్గర.

ఉంది. నీ దగ్గరే. పోయిన వారం నీ డోలుకి తొడుగు కుట్టించుకున్నావు కదా. అదే తాను, అదే ఎరుపు.

…అయ్యో, ఏడుపు మొహం పెట్టకు, ఫోన్లోంచి కనపడుతోంది నాకు. తెలుసురా, మీ బావ కర్ర పట్టుకుంటే ఆయన డోలు నీకొచ్చింది, నీకూ ఇవాళే మొదటిసారి, కొత్త తొడుగుతో వెళ్దామనుకున్నావు. ముందు వైపు ముట్టుకోనులే. వెనక, నీ పొట్టకి ఆనే వైపు ముక్క కోస్తాను. డోలుకి ముందు జనాలున్నారు, వెనక నువ్వున్నావు. నీ పొట్ట చూసేదెవరు?

ఆ. మంచి తమ్ముడివి.

ఎంత కొయ్యాలంటే… నువ్వు చెప్పు చూద్దాం. నాలుగు శాతం పోయింది, ఎంత వెడల్పు పట్టీ కావాలి?

…ఇప్పుడున్న ముప్పై ఎనిమిది చిల్లరకి నాలుగు శాతం. ఎంతొచ్చింది?

అంగుళమున్నర.

నా టేపులో చూస్తే అంగుళమున్నర మీద ఒక గీత కావాలి. ఆ గీత ఏది?

…మళ్ళీ అదే తప్పు చేశావు! నాలుగు పోయింది నలభైలోంచి. ఇప్పుడు నువ్వు పెంచేది ముప్పై ఎనిమిదిని. చిన్నదాన్ని పెంచి పెద్దదాని దగ్గరికి తేవాలంటే నాలుగు చాలదురా, నాలుగు మీద కాస్త పడుతుంది. దేన్ని పట్టుకుని శాతం కడుతున్నావో అది చూసుకో ముందు. ప్రతిసారీ అదే మర్చిపోతున్నావు.

పోనీ వదిలెయ్. శాతాలు మానెయ్, టేపు పట్టుకో. అంగుళమున్నర మీద గీత, రెండు పక్కలా కుట్లకి చెరో అర అంగుళం. మొత్తం రెండున్నర మీద గీత, ఓ రవ్వ ఎక్కువే పెట్టి రెండుమ్ముప్పావు వెడల్పు, ముప్పై పొడుగు. కోసుకుని సైకిలెక్కు.

ఒరేయ్, ఆగాగు. పెట్టెయ్యకు. ఒకటి అర్థం కాలేదు నాకు.

అసలు ఇరవై శాతం పెంచమని నీకెవరు చెప్పారు?

నేను నకలు తియ్యమన్నాను. నకలంటే నకలే. నీ అంతట నువ్వు మిషను మీద నూట ఇరవై నొక్కేంత తెలివి నీకు లేదు, ఏమనుకోకు.

…చెప్పకూడదా? ఎందుకు చెప్పకూడదు?

ఎవరికి మాటిచ్చావు?

…

మీ బావా?

మీ బావ పెంచమన్నారా?

ఉండు. ఉండరా, లైన్లోనే ఉండు.

— ఏవండీ. వీడికి కాగితం ఇరవై శాతం పెంచమని మీరు చెప్పారా? …చేతులు చాపుకుని అలా పైకప్పు చూస్తారేం, నన్ను చూడండి. …ఎందుకండీ?

…

…

ఆ. ఉన్నాను.

ఏం లేదు. ఏం లేదన్నానుగా.

ఏమన్నారంటే… ముందు నిలబడేవాడు కాస్త పెద్దగా కనపడాలి కదే అన్నారు. పాత బ్యాండు మాస్టారు ఆరడుగుల మనిషి. కాలు విరిగి మంచంలో ఉన్నా ఆయన గొంతు వీధి చివరకి వినపడుతుంది. ఆయన నిలబడ్డ చోట నేను నిలబడితే కోటు ఒక్కటీ వచ్చినట్టుంటుంది, మనిషి రానట్టుంటుంది, అందుకని కోటన్నా పెద్దది ఉంటే… అని ఆగిపోయారు.

పిచ్చి మనిషి.

ఇరవై రెండేళ్ళురా. ఇరవై రెండేళ్ళు ఆ డోలు వెనకాల నడిచారు. డోలు కనపడింది, మనిషి కనపడలేదు ఎవరికీ. ఊరేగింపు వెళ్తుంటే మన అమ్మే అడిగేది, అల్లుడు ఎక్కడున్నాడే అని. డోలు కింద కాళ్ళు చూడమ్మా, అవే అని చూపించేదాన్ని. ఆ కాళ్ళు ఒక్కసారి తడబడ్డం చూడలేదు నేను. అలాంటి మనిషికి ఇవాళ ముందుకొచ్చే రోజొస్తే, కోటు చాటున దాక్కుందామనుకున్నారు. నాకు చెప్పలేదు. చెప్తే నవ్వుతాననుకున్నారు.

నవ్వేదాన్నేమో కూడా. నాకు నోటి దురుసుందని నాకు తెలుసు.

ఇంకోటి కూడా చెప్తాను, ఎవరికీ చెప్పకు. తప్పు నాది కూడా ఉంది. నువ్వు పంపిన రెండో కాగితం మీద నేను టేపు పెట్టలేదు. నా దగ్గర నేర్చుకున్న వాళ్ళందరికీ కొయ్యకముందు రెండుసార్లు కొలవండే అని నెత్తీ నోరూ కొట్టుకుని చెప్తాను. నేను ఒక్కసారి కూడా కొలవలేదు. కొత్త కళ్ళజోడు, తల తిరుగుతోంది, తమ్ముడు ఎప్పట్లా చేసి పంపానన్నాడు కదా అని కోసేశాను.

…ఆ, సరేలే. సంతోషించింది చాలు.

ఎవరి తప్పు ఎంత శాతమా? ఇప్పుడా? సరే, రాసుకో. నీది అరవై. మీ బావది నలభై. నాది… ఇరవై.

మొత్తం నూట ఇరవై అయిందా? అయితే ఏమైంది, ఇరవై శాతం తగ్గించు.

…తొంభై ఆరు! చూశావా! ఇప్పుడొచ్చింది సరిగ్గా! నా తమ్ముడికి లెక్కలొచ్చాయి!

మిగతా నాలుగు ఎవరిదంటే… ఆ ఊగే మిషనుది. కాలు కింద ఇటుక పెట్టు, నా కాగితం తీసి జాగ్రత్తగా పట్రా.

ఏంటా చప్పుడంటే…

— ఏవండీ! వద్దు! చెయ్యి ఎత్తకండి! ఏవండీ, ఊరికే ఎత్తి చూడ్డమేంటండీ, నేను వచ్చేదాకా…

…

అయిపోయింది.

పట్టుమంది. వినపడిందా నీకు కూడా? వీపు మీద పైనుంచి కిందదాకా విచ్చుకుంది. కర్ర లేకుండానే మొదటి దెబ్బ వేసి చూద్దామని చెయ్యెత్తారట.

ఉండు, చూస్తాను… గుడ్డకేం కాలేదు. దారం తెగింది, అంతే. సరిగ్గా నేను ఎక్కడ విప్పాలో అక్కడే విప్పి పెట్టారు. ముప్పై ఏళ్ళలో నా కుట్టు ఇలా పోవడం ఇదే మొదలు, అయినా బాధేం లేదు. మనిషి బయటికొచ్చారు. ముక్కు ఆయనే గోక్కుంటున్నారు.

— ఇటు రండి. తిన్నగా నిలబడండి. ఈసారి కొలుస్తాను. ముందు కొలుస్తాను, తర్వాతే కత్తెర. చేతులెత్తండి. ఆ.

రెండు వేళ్ళు పెట్టాను… నలభై. నేను చెప్పలా? నలభయ్యే.

— ఇప్పుడు ఊపిరి పీల్చుకోండి. అలా కాదు. కోటు లేదు ఇప్పుడు ఒంటిమీద, భయం దేనికి? పొద్దున్నుంచీ చిన్న చిన్న గుక్కలు పీల్చారు, ఇంక చాలు. నిండుగా పీల్చండి. అదిగో, మీ వాళ్ళు ముప్పై మంది మీ కర్ర వైపు చూస్తున్నారనుకోండి. వాళ్ళకి తెలుసు ఇన్నేళ్ళూ ఎవరి దెబ్బకి అడుగేశారో. ఆ… ఇంకా… ఇంకా…

ఒరేయ్. ఉన్నావా?

నలభై రెండు.

మీ బావ ఛాతీ నలభై రెండురా! ఇన్నేళ్ళు నేనెప్పుడూ ఊపిరి వదిలిన కొలతే తీసుకున్నాను. డోలు మోస్తూ నిండుగా పీల్చే వీలెక్కడుంది, పట్టీ బిగించి కడతారు కదా. చూడు ఎలా నిలబడ్డారో. ఈయనకి ఏ మిషనూ అక్కర్లేదు.

విను, పట్టీ కొలత మారింది. రెండుమ్ముప్పావు కాదు. ఐదంగుళాలు కొయ్యి. …అవును, ఐదు. నిండుగా పీల్చిన కొలతకే కుడతాను. నీ డోలు వెనక సగం బోడిగా ఉంటుంది, ఏమనుకోకు.

అనుకోవట్లేదా? నా బంగారం.

సరే, ఆఖరిది. నలభై నుంచి నలభై రెండు. ఎంత శాతం పెరిగాడు మీ బావ? తొందరేం లేదు, దేంట్లోంచి పెరిగాడో చూసుకుని చెప్పు.

…నలభైలోంచి. ఊ. పెరిగింది రెండు. ఊ…

ఐదు శాతం!

కరెక్టురా. నూటికి నూరు కరెక్టు. సైకిలెక్కు ఇంక, మూడైంది. తొడుగు మర్చిపోకు, నా కాగితం మర్చిపోకు.

ఉంటాను. పెట్టేస్తున్నా…

— ఏవండీ, ఊపిరి వదలకండి. సున్నపుముక్క ఎక్కడ పెట్టానో… అలాగే ఉండండి.